తల్లి పాలు మానే రోజు

పంది పిల్లల గురించి చదవాలా అని మీరు అడగవచ్చు. మీ ఇంట్లో పంది మాంసం వండకపోవచ్చు. కానీ మన క్వాజులు-నాటాల్‌లో నాలుగైదు పందులతో బతికే చిన్న రైతులు ఉన్నారు. మీలో కొందరు బడిలో వ్యవసాయ శాస్త్రం చదువుతున్నారు. ఆ మాటలు తెలుగులో కూడా రావాలి కదా! గుడి క్లాసులో మాకు ఆవు, మేక నేర్పారు. పంది దాకా రాలేదు.

ముందు రెండు మాటలు. తల్లి ఒకసారి కన్న పిల్లలన్నీ కలిపి ఒక ‘ఈత’. పాలు తాగే పిల్లని తల్లి నుంచి విడదీయడం ‘పాలు మాన్పించడం’.

అడవిలో పంది పిల్ల మూడు నాలుగు నెలల్లో మెల్లగా పాలు మానుతుంది. దొడ్డిలో సుమారు 28 రోజులకే, ఒక్క రోజులో మాన్పిస్తారు. అంతవరకు తల్లి గంటకోసారి గుర్రుమని పిలిచి పాలిచ్చేది. ప్రతి పిల్లకీ తన సొంత చన్ను ఉండేది. ఇప్పుడు తల్లి లేదు, పాలు లేవు, చోటు కొత్తది. అందుకే చాలా పిల్లలు మొదటి రోజు సరిగా తినవు. తినకపోతే పేగు లోపలి పొర దెబ్బతింటుంది. విరేచనాలు పట్టుకుంటాయి. ఒక ఈతలో మూడు పిల్లలు చచ్చిపోతే, చిన్న రైతుకి అది ఇంట్లో బిడ్డ స్కూలు ఫీజు పోయినట్టే.

మరి ఏం చేయాలి? నా లెక్కలో అన్నిటికన్నా ముఖ్యమైనది ఇది: పిల్లల్ని కదపకండి, తల్లిని కదపండి. పిల్లలు కొన్ని రోజులు తెలిసిన వాసనలోనే ఉంటాయి. తర్వాత మార్చినా ఒక ఈత పిల్లల్ని కలిపే ఉంచండి. వేరే పిల్లలతో కలిపితే, ఎవరు పెద్ద అని రెండు రోజులు కొట్లాడతాయి.

మేత రెండు వారాల ముందే మొదలుపెట్టండి, మన అన్నప్రాశన లాగా. రోజూ కొంచెం, లోతు లేని పళ్ళెంలో. పాలు మాన్పించాక అదే మేతని గోరువెచ్చని నీళ్ళలో జావలా కలిపి, రోజుకి నాలుగైదు సార్లు పెట్టండి. నీళ్ళు కూడా గిన్నెలో పెట్టండి. గొట్టం నుంచి తాగడం కొన్నిటికి వెంటనే రాదు.

దొడ్డిలో సుమారు 28 డిగ్రీల వేడి ఉండాలి. కరెంటు పోయిన రాత్రుల్లో దీపం ఆరిపోతుంది కాబట్టి పొడి గడ్డి మందంగా పరవండి. పిల్లలు ఒకదాని మీద ఒకటి పడుకుంటే చలి వేస్తోందని అర్థం.

టీకాలు అదే రోజు వద్దు. వంటింటి ఎంగిలి ఎప్పుడూ వద్దు, దానితో ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ రావచ్చు. దానికి మందు లేదు.

క్యాలెండర్ ఒక్కటే చూడకండి, పిల్లని తూచండి. ఐదు కిలోలు కూడా లేని పిల్లకి, వీలైతే, ఇంకో వారం పాలు దొరకనివ్వండి. రెండో రోజు ఒక్కో పిల్ల పొట్ట తడిమి చూడండి. లోపలికి పోయి ఉంటే, దాని నోటి దగ్గర మీ చేత్తోనే జావ పెట్టండి.