తామర మందు పేరు

కృష్ణగిరి నుండి ఊత్తంగరైకి పోయే రోడ్డు మీద మత్తూరులో బస్సు దిగి, ఏ తెలుగింటి గూట్లో చెయ్యి పెట్టినా సగం నొక్కిన మలాము ట్యూబు వొకటి దొరుకుతుంది. అడుగు చాపచుట్టలాగా చుట్టి, పైనున్న పేరు సగం చెరిగి వుంటుంది. "ఇది దేనికమ్మా?" అంటే "తామరకు" అంటారు. "పేరేమి?" అంటే మాత్రం "ఏమో నాయనా, తెల్ల ట్యూబు" అని జవాబు. ట్యూబు రంగు చూచి మందు వాడే అలవాటు మా ఇంట్లోనూ వుండినది. నిరుడు ఎండాకాలం దాకా వుండినదని చెప్పుకోవటానికి సిగ్గుపడుతున్నాము.

మా మేనత్తకు డెబ్బై ఏండ్లు దాటినవి. నడుమున చీర బిగించే చోట తామర లేచినది. డాక్టరుగారు చూచి క్లోట్రిమజోల్ అనే మలాము వ్రాసి ఇచ్చినారు. పది దినాలలో మరక పలచబడినది, దురద నిలిచినది. అంతటితో అత్త మందు మానివేసినది. నెల తిరగకముందే మళ్ళీ దురద. మనుమణ్ణి పిలిచి, "ఒరే, ఆ క్లో ఏదో వుందే, అది తెచ్చిపెట్టరా" అన్నది. వాడు అంగడికి పోయి, "అన్నా, మా అవ్వకు తామరంట, క్లో మలాము కావాలంట" అన్నాడు. అంగడాయన చేతికందిన ట్యూబు ఇచ్చినాడు. అందులో ఆయన తప్పెంత, మా తప్పెంత అనేది ఇప్పుడు తేల్చలేము. చీటీ లేకుండా పిల్లవాణ్ణి పంపినది మేమే కదా.

రెండు దినాలలో దురద మాయము. ఎరుపు అణిగినది. "ఇదిరా మందంటే!" అని అత్త ఇరుగుపొరుగు అమ్మలక్కలకు ట్యూబు చూపి మరీ మెచ్చుకున్నది. మూడు వారాలు గడిచేటప్పటికి తామర నడుము దాటి పొట్ట మీదికీ తొడల మీదికీ పాకినది. వింత ఏమంటే, చుట్టూ కనబడవలసిన వలయం లేదు. ఎక్కడ మొదలో ఎక్కడ తుదో తెలియని మచ్చలు. చర్మం వుల్లిపొరలాగా పలచబడినది. డాక్టరుగారి వద్దకు పోతే, ఆయన మొదట అడిగిన మాట "ట్యూబు తెచ్చినారా?" అని. చూపినాము. అది క్లోబెటసోల్. ఆయన తన బల్ల సొరుగులోనుండి క్లోట్రిమజోల్ ట్యూబు తీసి దాని పక్కన పెట్టి, "అమ్మా, రెంటికీ తల వొకటే. తోక చూడండి" అన్నారు.

ఆ తల ఏమిటో, తోక ఏమిటో తెలుసుకోవాలని ఆనాడే పట్టుబట్టినాము. తెలిసినంత మట్టుకు ఇక్కడ వ్రాస్తున్నాము.

క్లోట్రిమజోల్ అనేది ఎవరో ముచ్చటపడి పెట్టిన పేరు కాదు, ఆ పదార్థం కట్టుబాటును కుదించి చెప్పిన మాట. "క్లో" అంటే క్లోరిన్. బావి నీళ్ళలో వేసే పొడిలో వుండేది కూడా ఆ క్లోరినే. "ట్రి" అంటే మూడు. ఆ పదార్థంలో మూడు బెంజీను వలయాలు వొక కర్బన పరమాణువుకు తగులుకొని వున్నవి. చివరనున్న "మజోల్" ఇమిడజోల్ అనే మాటకు ముక్క. ఇమిడజోల్ అంటే అయిదు మూలల వలయం. ఆ మూలలలో రెండింట నత్రజని కూర్చుని వుంటుంది. జర్మనీలో బేయర్ కంపెనీవారు 1960ల చివరలో ఈ మందును తయారుచేసినారు. ట్యూబు మీద కంపెనీలు పెట్టుకునే ముద్దుపేర్లు వేరు, ఈ పేరు వేరు. ముద్దుపేరు కంపెనీకి వొకటి. ఈ అసలు పేరు మాత్రం దేశమంతటా, ఆ మాటకొస్తే ప్రపంచమంతటా వొకటే. మందులకు ఇట్లా ఉమ్మడి పేర్లు పెట్టాలని ప్రపంచ ఆరోగ్య సభ 1950లో తీర్మానించినది. 1953 నుండి పట్టీలు వెలువడుతున్నవి.

ఆ తోకలోని "అజోల్" మమ్ములను ఎక్కువగా ఆకర్షించినది. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లవాజియే పద్దెనిమిదవ శతాబ్దంలో నత్రజనికి "అజోట్" అని పేరు పెట్టినాడు. ఆ గాలిలో ప్రాణులు బ్రతకవు కనుక గ్రీకు భాషలో "జీవం లేనిది" అని అర్థం వచ్చేటట్లు పెట్టినాడు. "అ" అంటే లేదు, "జోయే" అంటే జీవితం. మన "జీవ" శబ్దానికీ గ్రీకుల "జోయే" శబ్దానికీ మూలం వొక్కటేనని భాషావేత్తల మాట. అనగా అజోల్ లో వున్నది మన "అజీవ"మే! ఇంత దూరపు మందు పేరులో మనకు ఇంత దగ్గరి చుట్టం దొరుకుతాడని మేము అనుకోలేదు.

ఆ మందు చేసే పని కూడా పేరుకు తగినట్లే వున్నది. తామరను కలిగించే బూజు తన కణపు పొరను ఎర్గోస్టెరాల్ అనే కొవ్వుతో కట్టుకుంటుంది. మన వొంటి కణాలు కొలెస్టరాల్ తో కట్టుకుంటవి. అజోల్ మందులు బూజు ఎర్గోస్టెరాల్ తయారుచేసుకోకుండా అడ్డుకుంటవి. గార లేని గోడ ఎన్నాళ్ళు నిలుస్తుంది? అయితే ఈ కూలటం వొక్క పూటలో జరిగేది కాదు. పైకి మచ్చ మాసినా లోపల బూజు మిగిలి వుంటుంది. అందుకే మచ్చ పోయిన తర్వాత కూడా మరి రెండు వారాలు పూయమంటారు. మా అత్త చేసిన మొదటి తప్పు ఇక్కడే వున్నది. రెండవ తప్పు "క్లో".

క్లోబెటసోల్ లోని "క్లో" కూడా క్లోరినే. కాని అది స్టెరాయిడ్. స్టెరాయిడ్ బూజును చంపదు. బూజు వచ్చినదని మన వొళ్ళు చేసే గోలను, అనగా ఎరుపునూ వాపునూ దురదనూ, అణచివేస్తుంది. దొంగ ఇంట్లో వుండగా కుక్క నోరు కట్టివేసినట్లు! ఇల్లు నిశ్శబ్దంగానే వుంటుంది. దొంగ మాత్రం గది గదీ తిరుగుతాడు. వలయం చెరిగిపోయి గుర్తుపట్టలేనట్లు మారిన ఇటువంటి తామరకు 1968లో ఐవ్, మార్క్స్ అనే ఇద్దరు ఆంగ్ల వైద్యులు "టీనియా ఇన్ కాగ్నిటో" అని పేరు పెట్టినారు. మారువేషంలో వున్న తామర అన్నమాట. అత్త పొట్ట మీద మేము చూచినది దానినే.

ఇక మా ప్రాంతపు చిక్కు వొకటి వున్నది. హోసూరు, కృష్ణగిరి తాలూకాల తెలుగువారి పిల్లలు ఇంట్లో తెలుగు మాట్లాడి, బడిలో తమిళం చదువుతారు. తమిళలిపిలో ఆంగ్లపు జడ్ ధ్వనికి సరిపడే అక్షరం లేదు. తరచు చకారంతోనో సకారంతోనో సరిపెట్టుకుంటారు. కనుక "జోల్" అన్నది పిల్లల నోట "సోల్" అవుతుంది. క్లోట్రిమసోల్, క్లోబెటసోల్. తల వొకటే, తోకా వొకటే అయిపోయినది! మధ్యనున్న రెండక్షరాల మీద ఆధారపడి వున్నది మా అత్త చర్మం. ఇది తమిళలిపిని తప్పుపట్టటం కాదు. మన తెలుగులిపిలోనూ ఆ ధ్వనికి వేరే అక్షరం లేదు, జకారంతో నెట్టుకొస్తున్నాము.

జబ్బు పేర్లలో మాత్రం తమిళులకూ మనకూ చక్కగా కలిసినది. మనకు తామర, వారికి పడర్ తామరై, అనగా పాకే తామర. గుండ్రంగా, రేకులు విచ్చినట్లు పెరుగుతుంది కనుక పువ్వు పేరు పెట్టి వుంటారని మా వూహ. హోసూరు పక్కనున్న కన్నడిగులు "హుళుకడ్డి" అంటారు. హుళు అంటే పురుగు. ఇంగ్లీషువారి "రింగ్ వర్మ్" కూడా పురుగే. లాటిను భాషలో టీనియా అన్నా బట్టలు కొరికే పురుగే. నిజానికి ఇందులో పురుగు లేదు. ఆ బూజుకు శాస్త్రజ్ఞులు పెట్టిన ట్రైకోఫైటన్ అనే పేరుకు "వెంట్రుక మొక్క" అని అర్థం. బూజులను మొక్కలతో జమకట్టిన కాలంలో పెట్టిన పేరది. ఆ లెక్కన పురుగన్నవారి కంటె పువ్వన్న మన పెద్దలే కొంత దగ్గరికి వచ్చినారు. మందుచెట్టు పేరులోనూ తెలుగు తమిళాలకు పొత్తు వున్నది. తామరకు ఆకు నూరి పూసే చెట్టును మనం సీమ అవిసె అంటాము, వారు శీమై అగత్తి అంటారు. మన పెద్దలు దానినే మెట్టతామర అని కూడా అన్నారు. జబ్బు పేరే మందుకు పెట్టినారు!

బూజు మందుల పేర్లన్నీ క్లోట్రిమజోల్ లాగా రసాయనశాలలో పుట్టినవి కావు. నిస్టాటిన్ అనే మందు వున్నది, చంటిపిల్లల నోటిపూతకు వాడతారు. దానిని 1950లో ఎలిజబెత్ హేజన్, రేచెల్ బ్రౌన్ అనే ఇద్దరు స్త్రీలు లోకానికి తెలిపినారు. వొకామె న్యూయార్కు నగరంలో, మరొకామె ఆల్బనీలో. మట్టి నమూనాలూ వాటినుండి తీసిన సారాలూ సీసాలలో పెట్టి తపాలాలో వొకరికొకరు పంపుకొని పనిచేసినారు. వర్జీనియాలోని నూర్స్ అనే రైతు పొలంలో మట్టి తీస్తే, అందులోని సూక్ష్మజీవి నుండి ఈ మందు దొరికినది. ఇద్దరూ న్యూయార్కు రాష్ట్ర ఆరోగ్యశాఖలో వుద్యోగినులు. కనుక "న్యూయార్క్ స్టేట్" అనే మాటలను కలిపి మందు పేరు చేసినారు. రాయల్టీగా వచ్చిన కోటీ ముప్పై లక్షల డాలర్లకు పైబడిన సొమ్మును తమకు వుంచుకొనక పరిశోధనలకే వదిలివేసినారు. 1966లో ఇటలీలో ఫ్లారెన్సు నగరాన్ని వరద ముంచినప్పుడు, బూజు పట్టిన పాత చిత్తరువులను కాపాడటానికి కూడా ఈ మందునే చల్లినారు.

మన దేశంలోనూ అటువంటి పేరు వొకటి పుట్టినది. పూనా దగ్గర పింప్రిలో 1954లో నెలకొన్న హిందుస్థాన్ యాంటీబయాటిక్స్ అనే ప్రభుత్వ సంస్థలో ఎం. జె. తిరుమలాచార్ గారూ వారి సహచరులూ 1960ల మొదట్లో వొక బూజు మందు కనుగొన్నారు. సంస్థ పేరులోని మొదటి అక్షరాలతో దానిని హామైసిన్ అన్నారు. ఏ సూక్ష్మజీవి ఆ మందునిచ్చినదో దానికి పింప్రి పేరు పెట్టి స్ట్రెప్టోమైసిస్ పింప్రినా అన్నారు. మన తెలుగువారి పేరూ ఈ బూజు లోకంలో నిలిచినది. భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావుగారు 1948లో అమెరికాలో కన్నుమూసినారు. 1953లో వొక కొత్త శిలీంధ్రానికి వారి గౌరవార్థం సుబ్బారోమైసిస్ అని పేరు పెట్టినారు. ఆయనకు శిలావిగ్రహం కన్న ఇదే తగిన గౌరవమని మాకు తోచినది.

జోల్ వున్నదల్లా తామర మందే అనుకొని పాఠకులు మా మీద అపవాదు వేయకూడదు. కడుపు మంటకిచ్చే ఒమెప్రజోల్ లో జోల్ వున్నది. బడిలో పిల్లలకు నులిపురుగులకిచ్చే ఆల్బెండజోల్ లోనూ వున్నది. నేతిబీరకాయలో నెయ్యి వెదకినట్లు కాకూడదు. మికొనజోల్, కీటోకొనజోల్, ఫ్లుకొనజోల్, ఇట్రకొనజోల్ అని "కొనజోల్" దాకా వుంటే అది బూజు మందుల తెగ. క్లోట్రిమజోల్ వారికి పెద్దన్న వంటిది. "కొన" లేకున్నా ఆ ఇంటివాడే. "సోల్" అనీ "సోన్" అనీ ముగిసే క్లోబెటసోల్, బెటామెథసోన్, మొమెటసోన్ మాత్రం స్టెరాయిడ్ల తెగ. అసలు చిక్కు ఎక్కడంటే, ఈ రెండు తెగలనూ వొకే ట్యూబులో కలిపి, పైన మరొక యాంటీబయాటిక్ కూడా చేర్చి అమ్మటంలో వున్నది. అట్టపెట్టె మీద చిన్న అక్షరాలలో మూడు నాలుగు పేర్లుంటవి. మొదటి పేరు జోల్ చూచి సంతోషించి, మూడవ పేరు చూడకుండా మూత తీసేవారు ఎందరో. 2018లో కేంద్ర ప్రభుత్వం స్టెరాయిడ్ పైపూత మందులను షెడ్యూల్ హెచ్ లో చేర్చినది. అనగా డాక్టరు చీటీ లేనిదే అమ్మకూడదు. అమ్మకూడదన్నా అడిగేవారున్నప్పుడు ఏమవుతుందో మా ఇంట్లోనే చూచినాము కదా.

ఈ వేషాల వలన తామర మునుపటి తామర కాకుండాపోతున్నదని చర్మవైద్యులు మొత్తుకుంటున్నారు. 2020లో జపాను పరిశోధకులు వొక ట్రైకోఫైటన్ ను కొత్త జాతిగా గుర్తించి ఇండోటీనియే అని పేరు పెట్టినారు. ఆ బూజు దొరికిన రోగులు భారతదేశపువారూ నేపాలువారూ. మన దేశం పేరు పెట్టుకున్న ఆ బూజు టెర్బినఫిన్ వంటి మంచి మందులకు కూడా చాలాచోట్ల లొంగటం లేదు. ఇందులో మాత్రం మన పేరు చూచి సంతోషించలేకపోయినాము.

వాడుక సంగతి రెండు మాటలు. వొళ్ళు కడిగి, తడి బాగా తుడిచి, ఆరిన తర్వాతనే మందు పూయాలి. మచ్చ మీదనే కాక అంచు దాటి రెండు వేళ్ళ వెడల్పు దాకా పలచగా, పూటకొకసారి చొప్పున దినానికి రెండుసార్లు. మరక మాసినా రెండు వారాలు ఆపకూడదు. తువ్వాలు ఎవరిది వారికే. ఇంట్లో ఇంకెవరికైనా వున్నదేమో చూడాలి; లేకుంటే ఈ గదిలో తరిమినది ఆ గదిలోనుండి తిరిగివస్తుంది. తలలోనో గోటిలోనో పట్టినది పైపూతకు పోదు. మాత్రలు కావాలి, అవి డాక్టరే ఇవ్వాలి.

అత్తకు నయం కావటానికి మాత్రలతో సహా మూడు నెలలు పట్టినది. స్టెరాయిడ్ మానిన మొదటి వారం దురద రెట్టింపై, రాత్రులు కూర్చుని ఏడ్చినది. "ఆ మంచి ట్యూబు పారేసినారే!" అని మమ్ములనే తిట్టినది. ఆ మాట మాకు కష్టంగా తోచలేదు. ఆ వారం ఆమె పడిన బాధ చూచినాము కనుక.

ఇప్పుడు ఆమె పాత క్లోట్రిమజోల్ అట్టపెట్టెను విప్పి, చదునుగా మడిచి, వక్కాకు సంచిలో దాచుకున్నది. మొన్న పక్కింటి కోడలు కాలి వేళ్ళ సందున దురదని వచ్చి, ఏదో ట్యూబు చూపినది. అత్తకు ఇంగ్లీషు రాదు. మనుమణ్ణి పిలిచి చదవమన్నది. వాడు పెట్టె మీది పేరు కూడబలుక్కొని చదువుతుండగా మధ్యలోనే ఆపి, "ఆఖరున ఏమన్నావురా? జోలా, సోలా?" అని అడిగినది. వాడు సోల్ అన్నాడు. "అక్షరం చూపించి చెప్పు" అన్నది. వాడు వేలు పెట్టి జడ్ చూపినాడు. అత్త తన అట్టపెట్టె పక్కన పెట్టి, ఆ అక్షరం మెలికలు రెంటినీ సరిపోల్చుకొని, "వుండు, కిందనున్న పేర్లు కూడా చదువు" అన్నది.