ప్రసారం కాని ప్రారంభోత్సవం

శీతాకాల ఒలింపిక్స్ ప్రారంభోత్సవంలో ప్రపంచమంతా చూసేది దాదాపు ఒకే చిత్రం. అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ 2001లో నెలకొల్పిన ఒలింపిక్ బ్రాడ్‌కాస్టింగ్ సర్వీసెస్ స్టేడియమంతా కెమెరాలు పెట్టి ఉమ్మడి సిగ్నల్ తయారుచేస్తుంది. హక్కులున్న చానళ్లు దానికి తమ భాషలో వ్యాఖ్యానం జోడించుకుంటాయి. ఆ సిగ్నల్‌ను మార్చాలా, అసలు వేయాలా వద్దా అన్నది మాత్రం ఆయా దేశాల చేతిలో ఉంటుంది.

ఈ క్రీడలు టీవీకెక్కింది 1956లో, ఇటలీలోని కోర్టినా డాంపెజో నుంచి. అక్కడ జ్యోతి పట్టుకుని మంచుపై స్కేటింగ్ చేస్తూ వచ్చిన గైడో కరోలి, నేలపై పరిచిన వైరు తగిలి పడిపోయాడు. జ్యోతి మాత్రం ఆరలేదు. 2014లో రష్యాలోని సోచిలో వెలుగుల మంచుపువ్వులు అయిదు వలయాలుగా విచ్చుకోవాల్సి ఉండగా ఒకటి మొరాయించింది. ప్రపంచం ఆ లోపాన్ని ఉన్నదున్నట్టే చూసింది. రష్యా చానల్ మాత్రం అప్పటికప్పుడు రిహార్సల్ దృశ్యాన్ని వేసి తన ప్రేక్షకులకు అయిదు వలయాలూ చూపించింది.

2022 ఫిబ్రవరి 4న బీజింగ్ వేడుక మొదలైంది మన సాయంత్రం అయిదున్నరకు. సికింద్రాబాద్‌లో టీవీ పెట్టినవారికి డీడీ స్పోర్ట్స్‌లో అది కనిపించలేదు. కారణం: రెండు రోజుల ముందు జ్యోతి పట్టినవారిలో, 2020 జూన్‌లో భారత్‌తో జరిగిన గల్వాన్ ఘర్షణలో గాయపడిన చైనా సైనికాధికారి చీ ఫాబావో ఉన్నాడు. ఆ ఘర్షణలో 20 మంది భారత సైనికులు అమరులయ్యారు. వారికి నాయకత్వం వహించిన 16వ బిహార్ బెటాలియన్ కమాండింగ్ ఆఫీసర్ కల్నల్ బిక్కుమళ్ల సంతోష్‌బాబుది సూర్యాపేట. ఆయన భౌతికకాయం సికింద్రాబాద్ శివార్లలోని హకీంపేట వైమానిక స్థావరానికే చేరింది.

చైనా క్రీడలను రాజకీయం చేయడం విచారకరమంటూ, ప్రారంభ, ముగింపు వేడుకలకు తన దౌత్యాధికారి వెళ్లరని భారత్ ఫిబ్రవరి 3న ప్రకటించింది. ఆ వెంటనే ప్రసారభారతి అప్పటి సీఈఓ శశిశేఖర్ వెంపటి, ఆ రెండు వేడుకలనూ డీడీ స్పోర్ట్స్ ప్రత్యక్షంగా చూపదని తెలిపారు. దౌత్యవేత్త రాలేదన్న సంగతి పత్రిక చదివినవారికే తెలుస్తుంది. ప్రసారం ఆగితే ఇంటింటికీ తెలుస్తుంది. అందుకే ఆ నిర్ణయానికి బలం వచ్చింది, అది సబబైనదే.

దాని భారం ఒక క్రీడాకారుడిపైనా పడింది. భారత్ తరఫున పోటీకి వెళ్లిన ఒకే ఒక్కడు, కశ్మీర్ స్కీయర్ ఆరిఫ్ ఖాన్, మువ్వన్నెల జెండాతో నడిచిన ఘట్టం సొంత దేశపు ప్రభుత్వ చానల్‌లో ప్రత్యక్షంగా రాలేదు. ఆ క్రీడల్లో అతడు జెయింట్ స్లాలమ్‌లో 45వ స్థానంలో నిలిచాడు.