తాకట్టు రసీదు తీసుకెళ్లింది ఎవరు? – బస్టర్ కీటన్ 'షెర్లాక్ జూనియర్'

పోయిన ఎపిసోడ్ చూసి మా రావివలస కుర్రాడొకడు అడిగాడు: "మాటల్లేని సినిమాలో ఇద్దరు ఒకమ్మాయి కోసం కొట్టుకుంటే అందులో చూడ్డానికేముంది మాస్టారూ?" అని. దానికి జవాబే ఈరోజు ఎపిసోడ్.

1924లో వచ్చిన 'షెర్లాక్ జూనియర్' తీసుకుందాం. నిడివి ముప్పావుగంట. హీరో బస్టర్ కీటన్ ఒక సినిమా హాల్లో ప్రొజెక్టర్ ఆపరేటరు, అక్కడే ఊడ్చేదీ ఆయనే. పెద్ద డిటెక్టివ్ అయిపోవాలని కోరిక. ప్రేమించిన అమ్మాయికి మంచి చాక్లెట్ పెట్టె కొనాలంటే డబ్బు చాలదు. ఒక డాలరు పెట్టె కొని, దానిమీద ఒకటిని నాలుగుగా దిద్దేస్తాడు. చిన్న అబద్ధమే కదా?

ఇక్కడే ప్రత్యర్థి దెబ్బకొడతాడు. అమ్మాయి తండ్రి వాచీ కొట్టేసి, నాలుగు డాలర్లకి తాకట్టు పెట్టి, ఆ రసీదు మనవాడి జేబులోకి జారవిడుస్తాడు. రసీదు మీదా నాలుగు, పెట్టె మీదా నాలుగు! ఇంకేముంది, దొంగ ముద్ర పడిపోయింది. ఇదంతా మాటల్తో కాదు, వస్తువుల్తో చెప్పాడు. అరటితొక్క కూడా అంతే: ప్రత్యర్థి జారాలని వేసి, తనే జారిపడతాడు.

తర్వాత హాల్లో నిద్రపోయి, కలలో తెరలోకి నడిచెళ్లి మహా డిటెక్టివ్ అయిపోతాడు. మరి నిజంగా దొంగని పట్టుకున్నదెవరు? ఆ అమ్మాయే. రసీదు పట్టుకుని తాకట్టు కొట్టుకెళ్లి, "ఇది పెట్టినవాడెవరు?" అని అడిగింది, అంతే. మనవాడు కలలో గంతులేస్తుంటే కేసు అక్కడ తేలిపోయింది.

మన 'మాయాబజార్' (1957) గుర్తుచేసుకోండి. శశిరేఖకి అభిమన్యుడు ఇష్టం. పెద్దలు లక్ష్మణకుమారుడికి ఇస్తామన్నారు. ఆమె మాట ఎవరూ వినలేదు. పెళ్లిపీటల మీద మాయా శశిరేఖ కాలు తొక్కితే రేలంగి పడే అవస్థకి పగలబడి నవ్వుతాం. అదీ మాటల్లేని హాస్యమే. కాకపోతే అక్కడ ఆమె తరఫున ఘటోత్కచుడు రావాల్సొచ్చింది. కీటన్ సినిమాలో ఆమే వెళ్లింది.

ఇద్దరు మగాళ్లు కొట్టుకుంటే గెలిచినవాడికి ఇచ్చే బహుమతి కాదండీ ఆడపిల్ల. ఆమె ఏం చేస్తోందో చూడండి, అసలు కథ అక్కడుంటుంది. ఈసారి ఆ సినిమా చూసినప్పుడు రసీదు మీద కన్నేసి ఉంచండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం, ఉంటాను.