బాలింతలు చెప్పుకొనని బాధ

వెన్నెముక చిట్టచివర సాధారణముగా నాలుగు చిన్న పూసలు ఒకదానితో నొకటి అతుకుకొని యుండును. వైద్యశాస్త్రమున దీనికి అనుత్రికమని పేరు. మన పల్లెలలో ముడ్డిపూస అందురు. నలుగురిలో ఉచ్చరించుటకు సంకోచింపవలసిన పేరగుటచేతనే కాబోలు, అచ్చట తగిలిన దెబ్బను స్త్రీలు ఇంటివారికైనను చెప్పుకొనరు.

కాన్పు సమయమున శిశువు తల వెలుపలికి వచ్చునపుడు ఈ ఎముక వెనుకకు వంగి దారి యిచ్చును. బిడ్డ పెద్దదైనను, కాన్పు కష్టమై పట్టుకారుతో తీయవలసివచ్చినను అక్కడి కీలు బెణుకుటయో, తొలగుటయో, అరుదుగా ఎముక విరుగుటయో జరుగును. పురుషులకంటె స్త్రీలలో ఈ నొప్పి సుమారు 5 రెట్లు అధికము. అయితే కాన్పొక్కటే కారణము కాదు. పాచిపట్టిన కుళాయి అరుగుపై జారి చతికిలబడినను ఇదే గతి. ఆ పాచిని గీకించుట పంచాయతీ పనియే.

కూర్చున్నపుడును, కూర్చున్నచోటినుండి లేచునపుడును పోటు పుట్టును, నడచునపుడు తగ్గును. బాలింత రాత్రింబవళ్ళు కలిపి 8 నుండి 12 మారులు బిడ్డకు పాలీయవలెను. ప్రతిమారును కూర్చుండుటయే శిక్షయైనచో పాలిచ్చుటకే వెరచు ప్రమాదము కలదు. అట్టి తల్లి ప్రక్కకు ఒత్తిగిలి పడుకొని పాలీయవచ్చును. కూర్చుండక తప్పనపుడు కొంచెము ముందుకు వంగి, బరువు తొడలపై పడునట్లు కూర్చుండవలెను. వెనుకవైపు నడుమ కొంత మేర ఖాళీ విడిచి కుట్టిన దిండును పీటపై వేసికొన్నచో ఎముకకు ఒత్తిడి తగులదు. వేడినీటి కాపడము ఉపశమన మిచ్చును.

పథ్యము పేరిట నీరును, కూరలను తగ్గించు ఆచారము పెక్కు ఇండ్లలో కలదు. దానివలన మలబద్ధకము కలిగి, ముక్కవలసివచ్చి నొప్పి ఇనుమడించును. నీరు, ఆకుకూరలు సమృద్ధిగా పెట్టవలెను. అత్తగార్లు ఈ మాటకు కోపింపకుందురు గాక!

ఈ ఎముకకు పిండికట్టు వేయుటకు వీలులేదు. తైలము రాచి, నొక్కి సరిచేయుదుమను వారి చేతికి బాలింతను అప్పగింపరాదు. పాలిచ్చు తల్లి వైద్యుని సలహాతోనే నొప్పి మాత్రలు వాడవలెను. పెక్కుమందికి కొన్ని వారములలో, లేదా కొన్ని నెలలలో నెమ్మదించును. అట్లు తగ్గనివారికి వైద్యులు సూదిమందు నిత్తురు; శస్త్రచికిత్స బహు అరుదు. కాని జ్వరము, చీముగడ్డ, కాళ్ళ తిమ్మిరి, తెలియకయే మూత్రము పోవుట కనిపించిన యెడల తక్షణమే ఆసుపత్రికి తీసికొనిపోవలెను.

ఆసుపత్రిలో కాన్పైన బాలింత యింటికి ఆశా కార్యకర్త 42 దినములలో 6 మారులు పోవలసియున్నది. బిడ్డను తూచునపుడే “కూర్చుండగలుగుచున్నావా, అమ్మా?” అని తల్లిని అడుగుటకు ఏర్పాటు కావలెను. గ్రామ ఆరోగ్య, పారిశుద్ధ్య, పోషకాహార కమిటీ రాబోవు సమావేశమున మహిళా సభ్యులే ఈ విషయమును ప్రస్తావించుట మేలు.