చాప కింద ఫంగస్

వేగంగా పాకే వైరస్‌తో ప్రపంచాన్ని ముంచేయడం ‘ప్లేగ్ ఇంక్’ ఆటలో పెద్ద విద్యేం కాదు. నత్తనడక ఫంగస్‌తో గెలవడంలోనే ఉంది కిటుకంతా.

ఆట మొదలుకాకముందే ‘ప్లేగ్ ఇంక్’ ఒక ప్రశ్న అడుగుతుంది: ఎంత కష్టంగా ఆడతారు? అన్నిటికన్నా తేలిక స్థాయిలో ఎవరూ చేతులు కడుక్కోరు, పరిశోధకులు పని చేయరు, జబ్బుపడ్డవాళ్లని జనం కౌగిలించుకుంటారు. మామూలు స్థాయిలో 67.3 శాతం మంది చేతులు కడుక్కుంటారు, డాక్టర్లు వారానికి మూడు రోజులు పనిచేస్తారు, రోగుల్ని ఎవరూ పట్టించుకోరు. ‘బ్రూటల్’ అనే స్థాయికి వెళ్తే డాక్టర్లు అసలు ఇంటికే పోరు, రోగుల్ని జైల్లో పెడతారు. 2012లో ఆట వచ్చినప్పుడు ఇవన్నీ నవ్వించడానికి రాసిన మాటలు. 2020 మార్చి తర్వాత చదివినవాళ్లకు అంతగా నవ్వు రాలేదు.

ఇందులో మీరు డాక్టరు కాదు, రోగం. ప్రపంచ పటం మీద ఒక దేశాన్ని ఎంచుకుని తొలి రోగిని తయారుచేస్తారు. ఎర్రచుక్కలు చిక్కబడుతుంటాయి. కొత్త దేశానికి అంటుకున్నప్పుడల్లా ఒక ఎర్రబుడగ లేస్తుంది. వేలితో చిదిమితే డీఎన్‌ఏ పాయింట్లు వస్తాయి. వాటితో మూడు రకాల సరుకు కొనుక్కోవచ్చు. గాలి, నీరు, ఎలుకలు, పక్షులు, కీటకాల ద్వారా పాకే దారులు ఒక రకం. దగ్గు మొదలుకుని అవయవాలన్నీ చేతులెత్తేసేదాకా రోగ లక్షణాలు ఇంకో రకం. చలినీ, ఎండనీ, మందుల్నీ తట్టుకునే శక్తులు మూడో రకం. భూమ్మీద అందరికీ అంటుకుని అందరూ పోతే మీది గెలుపు. ఈలోగా ఎవరైనా మందు కనిపెట్టినా, ఏదో ఒక దీవిలో నలుగురు ఆరోగ్యంగా మిగిలిపోయినా ఓటమి.

మొదట బ్యాక్టీరియాతో ఆడాలి. దాంతో గెలిస్తే వైరస్ వస్తుంది, వైరస్‌తో గెలిస్తే ఫంగస్. మొదటి రెండింటినీ ఉఫ్‌మని ఊదేసినవాళ్లు ఫంగస్ దగ్గర బోల్తా పడుతుంటారు. అప్పటిదాకా పనికొచ్చిన దూకుడే ఇక్కడ కొంప ముంచుతుంది.

కంట పడకూడదు

ఫంగస్ విత్తనాల్లాంటి స్పోర్లు సొంతంగా దూరం పోలేవు. వైరస్ అయితే వద్దన్నా రూపు మార్చుకుంటూ విమానమెక్కి పోతుంది. ఫంగస్ పుట్టిన దేశంలోనే దొర్లుతూ ఉంటుంది. నిమిషాలు గడుస్తున్నా పటం తెల్లగానే కనిపిస్తుంటే కొత్త ఆటగాడికి చేతులు ఊరుకోవు. దగ్గు, తుమ్ము, వాంతులు కొనేస్తాడు. దగ్గుతో అంటుకునే గుణం పెరిగేమాట నిజమే. దాంతోపాటు ఇంకో గీత కూడా పెరుగుతుంది, దాని పేరు తీవ్రత. రోగం ఎంత బాధపెడుతోందో చెప్పే గీత అది. అది పైకి లేచిందంటే ప్రపంచం మిమ్మల్ని చూసిందన్నమాట. కాసేపటికి నీలిబుడగలు మొదలవుతాయి. ఎక్కడో ల్యాబుల్లో దీపాలు వెలిగాయని, మందు కోసం వెతుకులాట మొదలైందని వాటి అర్థం. వైరస్‌కైతే ఆ పరుగులో గెలిచే కాళ్లున్నాయి. ఫంగస్‌కి లేవు.

కాబట్టి ఫంగస్ ఆటగాడు మొదట్లో లక్షణాల జోలికే పోడు. రోగం తనంతట తాను ఏ దద్దుర్లో, నిద్రలేమో తెచ్చుకున్నా వెంటనే వెనక్కి తీసేస్తాడు. పాయింట్లన్నీ గాలి, నీరు మార్గాల మీద పెడతాడు. విమానాలకు మొదటిది, ఓడలకు రెండోది. ఆ తర్వాత చలిని తట్టుకునే శక్తి. అది లేకపోతే రష్యా, కెనడా, నార్వేల్లో ఫంగస్ అడుగుపెట్టినా నిలదొక్కుకోదు. డబ్బున్న దేశాల్లో మందుల్ని తట్టుకునే శక్తి కావాలి. ఎక్కడ మొదలుపెట్టాలన్నదాని మీద ఆటగాళ్లలో వాదాలు ఎప్పుడూ ఉన్నవే. జనం ఎక్కువ కాబట్టి చాలామంది మన దేశాన్నే ఎంచుకుంటారు. ఎంత ఆటైనా సొంతూరి మీద చేయి రాదనుకునేవాళ్లు సౌదీ అరేబియాకు పోతారు. పటం నడిమధ్యలో ఉంటుంది, ఓడలూ విమానాలూ నలువైపులకీ పోతాయి.

ఈ దశ చూడటానికి చప్పగా ఉంటుంది. తెర పైభాగంలో వార్తలు నడుస్తుంటాయి. వాటిలో మీ రోగం పేరు ఉండదు, ప్రపంచం ఏవేవో గొడవల్లో మునిగి ఉంటుంది. మీకు కావలసింది అదే. కోట్లమందిలో పాకినా ఒక్కరికీ ఒంట్లో నలతగా లేదు. డాక్టరు దగ్గరికి ఎవరూ వెళ్లలేదు. చేతిలో పాయింట్లు మూలుగుతుంటే వాటిని ఖర్చుపెట్టకుండా కూర్చోవడమే ఈ ఆటలో అసలు కష్టం. చాలామంది ఓడిపోయేది తెలివి చాలక కాదు, విసుగు పుట్టి.

గ్రీన్‌ల్యాండ్ అనే తలనొప్పి

ఈ ఆట ఆడినవాళ్లందరికీ గ్రీన్‌ల్యాండ్ మీద ఒక పాత పగ ఉంటుంది. చలి దేశం. జనం యాభై వేల చిల్లర. విమానాశ్రయం లేదు, ఉన్నదల్లా ఒక రేవు. ఎర్రరంగు పులుముకున్న ఓడ ఏదైనా అటు బయల్దేరిందంటే దాని మీదే చూపు పెట్టుకుని కూర్చుంటారు. ప్రపంచానికి భయం పుట్టిన మరుక్షణం ఆ రేవు మూసుకుపోతుంది. ‘ప్లేగ్ ఇంక్’ రాకముందు ‘పాండమిక్ 2’ అనే పాత కంప్యూటర్ గేమ్‌లో ఇదే పేచీ మడగాస్కర్ పెట్టేది. ఆ ఆట ప్రభావంతోనే జేమ్స్ వాన్ అనే బ్రిటిష్ యువకుడు కన్సల్టెంట్ ఉద్యోగం చేసుకుంటూ ఖాళీ వేళల్లో ‘ప్లేగ్ ఇంక్’ తయారుచేశాడు. సుమారు 5 వేల డాలర్లు ఖర్చయ్యాయి. ఏడాది తిరక్కుండానే అమెరికా వ్యాధి నియంత్రణ సంస్థ సీడీసీ అతన్ని అట్లాంటాకు పిలిపించుకుని మాట్లాడించింది.

గ్రీన్‌ల్యాండ్ తాళానికి ఫంగస్ దగ్గర ఒక మారుతాళం ఉంది. దాని పేరు స్పోర్ బరస్ట్. అది కొన్నప్పుడల్లా, అప్పటిదాకా రోగం సోకని ఏదో ఒక దేశంలో స్పోర్లు పడతాయి. ఏ దేశమన్నది మీ చేతిలో లేదు. దీన్ని ఎప్పుడు వాడాలి? మొదట్లోనే వాడేయమంటుంది ఒక వర్గం. అప్పుడు నాలుగైదు చోట్ల విత్తనం పడుతుంది, ఒక్కో కొత్త దేశానికీ ఎర్రబుడగ వస్తుంది, పాకడానికి కాలం కలిసొస్తుంది. రెండో వర్గం చివరిదాకా దాచమంటుంది. పటం మీద యాభైకి పైగా దేశాలు ఖాళీగా ఉన్నప్పుడు బరస్ట్ కొడితే అది గుడ్డిదెబ్బ. గ్రీన్‌ల్యాండ్, ఐస్‌లాండ్, మడగాస్కర్ మాత్రమే మిగిలినప్పుడు కొడితే వాటిలో ఒకదానికి తగిలి తీరాల్సిందే. లెక్క ప్రకారం రెండోవాళ్లదే పైచేయి. కానీ ఏదైనా కొన్నకొద్దీ తర్వాతి వాటి ధరలు పెరుగుతుంటాయి. ఆట మొదట్లో పాథోస్టాసిస్ అనే జన్యువు తగిలించుకుంటే ఆ బాధ తప్పుతుంది. నా ఓటు మధ్యేమార్గానికి: ఒకటి రెండు ముందే కొట్టి, మిగతావి దీవుల కోసం అట్టేపెట్టడం.

ఆరోగ్యవంతులు సున్నా అని చూపించాక ఆటను పాజ్ చేయండి. అన్నాళ్లూ కూడబెట్టిన పాయింట్లన్నీ ఇప్పుడు బయటికి తీయాలి. అవయవాలన్నీ దెబ్బతినే లక్షణం దాకా వరసగా కొనేయండి. పాజ్ తీయగానే ప్రపంచం ఉలిక్కిపడుతుంది, నీలిబుడగలు పుట్టుకొస్తాయి. మందు తయారీ పరుగందుకుంటే జన్యువుల్ని తారుమారు చేసే జెనెటిక్ రీషఫుల్ కొంటే చాలు, పరిశోధన కొన్ని మెట్లు వెనక్కి జారుతుంది. నెమ్మదిగా గెలిచినందుకు స్కోరు కొంత తగ్గుతుంది. తగ్గనివ్వండి.

ఒక నిజం, బోలెడు అబద్ధాలు

చైనాలో కరోనా చెలరేగిన 2020 జనవరిలో ఈ ఆటను అక్కడ జనం ఎగబడి డౌన్‌లోడ్ చేసుకున్నారు. ఇది ఆటేగానీ శాస్త్రీయ నమూనా కాదు, సమాచారం కావాలంటే ఆరోగ్య సంస్థల్ని అడగండి అని తయారీ సంస్థ ఎన్‌డెమిక్ క్రియేషన్స్ ప్రకటన ఇచ్చుకోవలసి వచ్చింది. ఫిబ్రవరి నెలాఖరుకి ఆటలో చట్టవిరుద్ధమైన విషయం ఉందంటూ చైనాలో తీయించేశారు.

శాస్త్రం కాదన్నది ఒప్పుకోవలసిందే. ఆటలో మీరొక లక్షణం కొంటే బ్రెజిల్‌లో రోగికీ, జపాన్‌లో రోగికీ ఒకే క్షణంలో వచ్చేస్తుంది. ఏ సూక్ష్మజీవికీ అలాంటి కంట్రోల్ రూమ్ లేదు. ఆటలో జబ్బుపడ్డవాడు మందు లేకుండా కోలుకోడు. నిజంగా అలాగే ఉంటే మనలో ఎవరమూ మిగిలేవాళ్లం కాదు.

కానీ ఆ తీవ్రత గీత ఉంది చూశారూ, అది మాత్రం నిజం. 2003 నాటి సార్స్‌లో 8,096 మంది జబ్బుపడ్డారు, 774 మంది చనిపోయారు. అదే ఏడాది జూలైకల్లా ప్రపంచ ఆరోగ్య సంస్థ అదుపులోకి వచ్చిందని ప్రకటించింది. సార్స్ సోకినవాళ్లు ఇతరులకు అంటించేది ఎక్కువగా జ్వరంతో మంచమెక్కాకే. కాబట్టి జ్వరం ఉన్నవాళ్లని పట్టుకుని విడిగా ఉంచితే గొలుసు తెగింది. కొవిడ్ ఒంట్లో నలత తెలియకముందే పక్కవాడికి పాకింది. ఒకే కుటుంబపు రెండు వైరస్‌లలో ఒకటి తొందరగా కంటపడింది, రెండోది పడలేదు.

మరి నిజమైన ఫంగస్? మనుషుల్లో ఫంగస్ మహమ్మారి రాకపోవడానికి మన ఒంటి వేడి పెద్ద కారణం అంటారు శాస్త్రవేత్తలు. 37 డిగ్రీల దగ్గర చాలా ఫంగస్‌లు బతకలేవు. ఆ రక్షణ లేని జీవుల మీద మాత్రం ఫంగస్ ఆట అచ్చంగా ఆడేసింది. కైట్రిడ్ ఫంగస్ వల్ల కనీసం 501 ఉభయచర జాతులు క్షీణించాయని, వాటిలో 90 పూర్తిగా అంతరించాయని 2019లో శాస్త్రవేత్తలు లెక్కకట్టారు. కప్పల్ని దేశదేశాలకు అమ్ముకునే మనుషులే దానికి ఓడలూ విమానాలూ అయ్యారు. అమెరికాలో 2006 ప్రాంతంలో న్యూయార్క్ రాష్ట్రంలోని ఒక గుహలో గబ్బిలాల ముక్కుల మీద తెల్లటి బూజు కనిపించింది. చలికాలం నిద్రలో గబ్బిలాల ఒళ్లు చల్లబడుతుంది, ఆ చలిలోనే ఈ ఫంగస్ పెరుగుతుంది. లక్షల గబ్బిలాలు పోయాయి. గుహల్లోకి వెళ్లొచ్చేవాళ్ల బూట్లకూ బట్టలకూ స్పోర్లు అంటుకుని వస్తాయని, వాటిని శుభ్రం చేసుకోవాలని అక్కడ నిబంధనలు పెట్టారు. ఆటలో బరస్ట్ ఏ దేశంలో పడుతుందో తెలియనట్టే, ఎవరి బూటు ఏ గుహ తొక్కుతుందో ఎవరికి తెలుసు.

మన దగ్గర 2021 వేసవిలో బ్లాక్ ఫంగస్ వచ్చినప్పుడు హైదరాబాద్‌లో కోఠి ఈఎన్‌టీ ఆసుపత్రి నిండిపోయింది. యాంఫోటెరిసిన్ ఇంజెక్షన్ల కోసం జనం ఊళ్లు పట్టుకు తిరిగారు. జూలై నాటికి దేశంలో 45 వేలకు పైగా కేసులు, 4,300కు పైగా మరణాలు నమోదయ్యాయి. ఆ ఫంగస్ ఒకరి నుంచి ఒకరికి అంటదు. మట్టిలో, కుళ్లిన ఆకుల్లో, గాలిలో దాని స్పోర్లు ఎప్పుడూ ఉన్నవే. కొవిడ్, అదుపు తప్పిన చక్కెర, స్టెరాయిడ్లు ఒక్కచోట కలిసేసరికి దానికి తలుపు తెరుచుకుంది.

పది దాటాక బయటికొచ్చేవి

నెమ్మదితనంలో ఫంగస్‌ని మించింది మన ఇళ్ల పక్కనే ఉంది. బోదకాలు తెప్పించే ఫైలేరియా పురుగుని ఏ గేమ్ డిజైనరూ ఊహించి ఉండడు. ఒక్క దోమకాటుతో పని కాదు, నెలల తరబడి కుడుతూ ఉండాలి. తరచు చిన్నతనంలోనే ఒంట్లో చేరుతుంది, కాలు వాచేది ఏళ్లకేళ్లు గడిచాక. పెద్ద పురుగు ఆరు నుంచి ఎనిమిదేళ్లు బతుకుతుంది. దాని పిల్లలు పగలంతా ఒంటి లోపల దాక్కుని, రాత్రి పది దాటాక పైరక్తంలోకి వస్తాయి, దోమలు కుట్టే వేళకి సరిగ్గా. అందుకే ఆరోగ్య సిబ్బంది రక్తపరీక్షలకు రాత్రిళ్లు ఇళ్లకొచ్చి వేలు గుచ్చేవారు. దీనికి వాడే డీఈసీ మందు 1940ల్లో అమెరికాలోని లెడర్లీ ప్రయోగశాలలో తయారైంది. అక్కడి పరిశోధనలకు సారథి భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు. ఆ మాత్రలు ఇంటింటికీ తిరిగి పంచుతారు. జబ్బులేనివాళ్లూ మింగాలి, సిబ్బంది చూస్తుండగానే మింగాలి. ఎందుకంటే చేతికిస్తే జేబులో వేసుకుని తర్వాత పారేసేవాళ్లు తక్కువేం కాదు. కాలు మామూలుగా ఉన్నప్పుడు మాత్రెందుకంటారు.

ఇటువైపు నుంచి ఆడితే

2020 మార్చిలో ఎన్‌డెమిక్ సంస్థ టీకా పరిశోధనకు సాయం చేసే సెపీకీ, ప్రపంచ ఆరోగ్య సంస్థ నిధికీ కలిపి రెండున్నర లక్షల డాలర్లు ఇచ్చింది. అదే ఏడాది నవంబరులో ‘ది క్యూర్’ అనే కొత్త విభాగం విడుదల చేసింది. ఇందులో పటం అదే, పాత్ర తిరగబడింది. రోగాన్ని ఆపేది మీరే. రోగులతో మెలిగినవాళ్లని వెతకాలి, సరిహద్దులు మూయాలి, టీకా చేయించాలి. పక్కన మీ అధికారం ఎంత మిగిలిందో చూపే కొలత ఒకటి ఉంటుంది. చావులు పెరిగినా, లాక్‌డౌన్లతో జనం విసిగినా అది కరిగిపోతుంది. సున్నా అయితే ఆట ముగిసినట్టే.

ఫంగస్‌తో గెలిచినవాళ్లకి ఈ విభాగం చేదుగా ఉంటుంది. పటం మీద ఏమీ కనిపించని కాలం ఆ ఆటలో వాళ్ల సొంత ఆస్తి. ఇక్కడ అదే కాలంలో, జబ్బెక్కడుందో తెలియకుండా, నమ్మని జనంతో వేగాలి. ముందు ఆ ఆట నాలుగుసార్లు ఆడి, తర్వాత ఇటు రావడం మంచిది. శత్రువు ఏం కోరుకుంటాడో తెలిసి ఉంటుంది.

ఫంగస్ తర్వాత పరాన్నజీవి వస్తుంది, దాని తర్వాత ప్రియాన్. పిచ్చి ఆవు జబ్బు తెప్పించే, తప్పుగా మడతపడ్డ ప్రొటీన్ అది, మెదడులో దాక్కుని ఏళ్ల తరబడి పలకదు. దాంతో ఆడదలుచుకుంటే సెలవురోజు చూసుకుని, ఫోన్ చార్జింగ్‌కి పెట్టుకుని మొదలుపెట్టండి. మామూలు స్థాయి చాలు, ఆ 67.3 శాతం మంది చేతులు కడుక్కుంటే కడుక్కోనివ్వండి.