రూపాయి సైకిల్ కిరాయి: తులసీదాస్ బలరాం కథ

నాందేడ్ నుంచి నిజామాబాద్, కామారెడ్డి మీదుగా సికింద్రాబాద్ పోయే బండి ఎక్కినోళ్లకు బొల్లారం తెలుసు. అక్కడికి రాగానే సామాన్లు సర్దుకోవడం మొదలుపెడతాం. అల్వాల్ దాటినాక అమ్ముగూడ అని ఒక చిన్న స్టేషన్ వస్తది. ఎక్స్‌ప్రెస్ బండ్లు ఆగే చోటు కాదది. 1936లో ఆ అమ్ముగూడలో పుట్టిన ఒక పిల్లగాడు ఇరవై ఏండ్లకే ఒలింపిక్స్‌లో ఫుట్‌బాల్ ఆడిండు. పేరు తులసీదాస్ బలరాం. క్రికెట్ వాళ్ల పేర్లు వరసబెట్టి చెప్పే మన పిల్లల్లో ఎందరికి ఈ పేరు తెలుసు? 2024లో వచ్చిన ‘మైదాన్’ హిందీ సినిమా చూసినోళ్లు మాత్రం అందులో బలరాం అనే పాత్రను చూసి ఉంటారు. ఆ బలరాం ఈయనే.

తల్లి ముత్తమ్మ, తండ్రి కాళిదాస్. తమిళ కుటుంబం. బతుకుదెరువు కోసం ఊరు మారినోళ్ల కష్టం మనకు ఒకరు చెప్పనక్కర లేదు. ఇంట్లో చేతులు తడుముకునే పరిస్థితి. పిల్లగానికి బంతి అంటే పిచ్చి, కాళ్లకు బూట్లు లేవు. ఒక చెప్పులు కుట్టే ఆయన దగ్గర పోలీసోళ్లు వాడి పారేసిన పాత బూట్లను కోసి, మళ్లీ కుట్టించుకుని ఫుట్‌బాల్ బూట్లు చేసుకున్నాననీ, దానికి రెండు రూపాయలు అయ్యిందనీ పెద్దయ్యాక బలరాం చెప్పేవారు.

బూట్లదేముందిలే అనుకోవద్దు. 1948 లండన్ ఒలింపిక్స్‌లో మన దేశం జట్టులో చాలామంది ఒట్టి కాళ్లతోనే ఆడారు. 1952లో హెల్సింకీలో యుగోస్లావియా చేతిలో 10-1 తేడాతో చిత్తుగా ఓడినాకనే, ఇక బూట్లు లేకుండా నడవదని పెద్దలకు తెలిసొచ్చింది. అంటే సరిగ్గా బలరాం ఆట నేర్చుకునే రోజుల్లోనే ఈ ఆటకు బూట్ల ఖర్చు వచ్చిపడింది. రెండు రూపాయలు దొరకని పిల్లలు ఎంతమంది గట్టు మీదనే నిలబడిపోయారో లెక్క ఎవరు రాస్తారు?

ఆ కాలంలో హైదరాబాద్‌లో ఫుట్‌బాల్ అంటే రహీం సాబ్. సయ్యద్ అబ్దుల్ రహీం, బడిపంతులు. ఆయన తయారు చేసిన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదేండ్లు బొంబాయి రోవర్స్ కప్పు గెలిచింది. అప్పటికి మన నాందేడ్ కూడా హైదరాబాద్ రాష్ట్రంలోనిదే. ఉస్మాన్‌షాహీ మిల్లుకు ఆ పేరు ఊరికే రాలేదు కదా! కాబట్టి ఆ జట్టు మనది కూడా అనుకుంటే తప్పు లేదు.

బలరాం ఆట రహీం సాబ్ కంట్లో పడింది. రోజూ ప్రాక్టీసుకు రమ్మన్నారు. అమ్ముగూడ నుంచి హైదరాబాద్ మైదానానికి రావాలంటే దారిఖర్చులు కావాలి. నా దగ్గర పైసల్లేవు సాబ్, రాలేను అన్నాడు పిల్లగాడు. రహీం సాబ్ ఉపన్యాసం ఏమీ ఇవ్వలేదు. కిరాయి సైకిల్ తీసుకుని రమ్మని రూపాయి చేతిలో పెట్టారు. ఈ సంగతి బలరాం ముసలితనం దాకా చెప్పుకున్నారు. నాకైతే ఆయన కథలో పతకాల కన్నా ఈ రూపాయే పెద్దదనిపిస్తది.

1956లో హైదరాబాద్ జట్టు బొంబాయిని ఓడించి సంతోష్ ట్రోఫీ గెలిచింది. బలరాం ఆ జట్టులో ఉన్నారు. అదే ఏడాది నవంబర్ 1న హైదరాబాద్ రాష్ట్రం మూడు ముక్కలైంది. మనం బొంబాయి రాష్ట్రంలోకి పోయాం, అమ్ముగూడ ఆంధ్రప్రదేశ్‌లోకి పోయింది. మూడు వారాల తర్వాత మెల్‌బోర్న్‌లో ఒలింపిక్స్ మొదలైతే బలరాం అక్కడున్నారు. కోచ్ రహీం సాబే. మన జట్టు ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి సెమీఫైనల్ చేరింది. అక్కడ ఎదురైంది మళ్లీ ఆ యుగోస్లావియానే! ముందు గోల్ కొట్టింది మనోళ్లే. చివరికి 4-1తో ఓడినా, నాలుగో స్థానం దక్కింది. ఒలింపిక్స్ ఫుట్‌బాల్‌లో మన దేశం ఇప్పటిదాకా అంతకన్నా పైకి పోలేదు.

1957లో కలకత్తా ఈస్ట్ బెంగాల్ క్లబ్బు పిలిచింది. హుగ్లీ నది పొడవునా జూట్ మిల్లులు, వాటిల్లో శ్రీకాకుళం, గంజాం వైపు నుంచి పోయిన తెలుగోళ్లు కూడా ఉండేవాళ్లు. ఆ నగరంలో బలరాం దేవుడైపోయారు. పి.కె. బెనర్జీ, చునీ గోస్వామి, బలరాం: ముందు వరసలో ఈ ముగ్గురి పేర్లు ఒకే ఊపిరిలో పలికేవాళ్లు. 1960 రోమ్ ఒలింపిక్స్‌లో మనం హంగరీ చేతిలో 2-1తో ఓడాం, ఆ ఒక్క గోల్ బలరాందే. పెరూ మీద కూడా మన ఒక్క గోల్ ఆయనే కొట్టారు. ఆ హంగరీ జట్టు చివరికి కంచు పతకం తీసుకుపోయిందని గుర్తుపెట్టుకోండి. 1961లో ఈస్ట్ బెంగాల్ కెప్టెన్‌గా కలకత్తా లీగ్ గెలిపించారు.

ఇక 1962 జకార్తా ఆసియా క్రీడలు. ఇజ్రాయెల్, తైవాన్ ఆటగాళ్లను ఇండోనేషియా రానివ్వలేదని మన దేశపు అధికారి ఒకరు అభ్యంతరం చెప్పేసరికి అక్కడి జనం మన మీద మండిపడ్డారు. ఫైనల్‌లో దక్షిణ కొరియా మీద మనం ఆడుతుంటే లక్ష మంది ప్రేక్షకులు మనకు వ్యతిరేకంగా కేకలు. తలకు కుట్లతో జర్నైల్ సింగ్ ఆడారు, గోల్ దగ్గర హైదరాబాద్‌లోనే పుట్టిన తంగరాజ్ నిలబడ్డారు. 2-1తో బంగారు పతకం. అంతకుముందు థాయ్‌లాండ్, జపాన్ మీద గెలిచిన ఆటల్లో బలరాం గోల్స్ ఉన్నాయి. ఆ ఏడాదే అర్జున అవార్డు వచ్చింది.

అప్పటికే రహీం సాబ్‌ను ఊపిరితిత్తుల క్యాన్సర్ తినేస్తోంది. 1963 జూన్ 11న పోయారు. అదే ఏడాది శిష్యునికి కూడా ఛాతీలోనే దెబ్బ తగిలింది. ప్లూరసీ అంటారు. ఊపిరితిత్తుల చుట్టూ ఉండే పల్చటి పొర వాచిపోయి, గాలి పీల్చినప్పుడల్లా సూదితో పొడిచినట్టు నొప్పి లేస్తది. కొందరికి నీరు కూడా చేరుతది. దూది ధూళిలో పనిచేసి, సెలవు తర్వాత పొద్దటి పాళీకి పోయిన రోజు ఛాతీ పట్టేసినోళ్లు మన ఇండ్లల్లో ఉన్నారు. అది వేరే జబ్బు. కానీ ఊపిరి అందకపోతే మనిషికి ఏమైతదో వాళ్లకు చెప్పాల్సిన పని లేదు. తొంభై నిమిషాలు పరుగెత్తే మనిషికి ఊపిరే పెట్టుబడి. అప్పటికి బలరాం కలకత్తాలోనే బి.ఎన్.ఆర్. రైల్వే జట్టుకు మారారు. ఇరవై ఏడేండ్లకే ఆట ముగిసింది.

తోటి ఆటగాళ్లలో చునీ గోస్వామికి 1983లో, బెనర్జీకి 1990లో పద్మశ్రీ వచ్చింది. మూడో ఆయనకు రాలేదు. ఎందుకు రాలేదో నాకు అర్థం కాదు, న్యాయమని మాత్రం ఒప్పుకోలేను. ఆయన పెండ్లి చేసుకోలేదు. హుగ్లీ ఒడ్డున ఉత్తర్‌పారాలో ఒంటరిగా ఉన్నారు. 2023 ఫిబ్రవరి 16న, 86 ఏండ్ల వయసులో కలకత్తాలో కన్నుమూశారు. ఆయన పాత్ర ఉన్న సినిమా విడుదలైంది ఆ మరుసటి ఏడాది.