మనసుకు దిగులు – ఒంటికి నొప్పి

కూతురి పెళ్లికి చేసిన అప్పు తీరలేదు. వడ్డీ పెరిగిపోతోంది. అప్పు ఇచ్చినాయన రేపు వస్తానని కబురు పెట్టాడు. ఆ రాత్రి తల్లికి నిద్ర పట్టదు. గుండె దడదడలాడుతుంది. తల పగిలిపోతున్నట్టు ఉంటుంది. అన్నం సయించదు.

ఇలాంటి తల్లులు ప్రతి ఊళ్లోనూ ఉన్నారు. "పని ఎగ్గొట్టడానికి నటిస్తోంది" అంటారు కొందరు. "గాలి సోకింది" అంటారు ఇంకొందరు. సూది మందు వేయించుకుంటే రెండు రోజులు బాగుంటుంది. మూడో రోజు మళ్లీ మామూలే.

ఆమె నటించడం లేదు. ఆమెకు ఏ గాలీ సోకలేదు. నొప్పి నిజమే. అది ఎలా వస్తుందో తెలుసుకుందాం.

భయపడితే ఒళ్లు ఏం చేస్తుంది?

పొలం గట్టున పాము కనిపించిందనుకోండి. ఆలోచించే లోపే కాళ్లు వెనక్కి గెంతుతాయి. గుండె వేగంగా కొట్టుకుంటుంది. నోరు ఎండిపోతుంది. అరచేతులకు చెమట పడుతుంది.

మన మూత్రపిండాల మీద రెండు చిన్న గ్రంథులు ఉన్నాయి. భయం వేయగానే అవి అడ్రినలిన్ అనే రసాన్ని రక్తంలోకి వదులుతాయి. అది ఒంటిని పరుగుకు సిద్ధం చేస్తుంది. కండలు బిగుసుకుంటాయి. కడుపులో అరుగుదల తగ్గుతుంది.

పాము పోతే కాసేపటికి ఒళ్లు కుదుటపడుతుంది. కానీ అప్పు దిగులు అలా పోదు. పగలూ రాత్రీ వెంట ఉంటుంది. పాము ఎదురుగా ఉన్నట్టే ఒళ్లు రోజూ బిగుసుకుని ఉంటుంది. అందుకే తల, మెడ, భుజాలు నొప్పి పెడతాయి.

ఊపిరి ముకుతాడు లాంటిది

"మెల్లగా కొట్టుకో" అంటే గుండె వినదు. "అరిగించు" అంటే కడుపు వినదు. ఊపిరి అలా కాదు. అది తనంతట తాను ఆడుతుంది. మనం చెప్పినా వింటుంది. మెల్లగా గాలి వదిలితే గుండె వేగం కూడా కొంచెం తగ్గుతుంది. బెదిరిన ఎద్దును ముకుతాడు పట్టి నిలుపుతాం కదా! ఇదీ అంతే.

ఇది కొత్త సంగతి కాదు. సుమారు 2500 ఏళ్ల కిందటే బుద్ధుడు ఊపిరిని గమనించమని చెప్పాడు. 1979లో అమెరికాలో జాన్ కబట్-జిన్ అనే ఆయన మసాచుసెట్స్ విశ్వవిద్యాలయం ఆస్పత్రిలో దీన్ని రోగులకు నేర్పడం మొదలుపెట్టాడు. ఏళ్ల తరబడి నొప్పులతో బాధపడేవారు వచ్చి నేర్చుకున్నారు. తరువాత చాలా దేశాల్లో దీన్ని పరీక్షించారు. చాలామందికి దిగులు, నొప్పి బాధ కొంత తగ్గాయి. అందరికీ ఒకేలా పని చేయలేదు.

ఎలా చేయాలి?

1. నేల మీదో, అరుగు మీదో హాయిగా కూర్చోండి.
2. గాలి లోపలికి రావడం గమనించండి. బయటికి పోవడం గమనించండి. బిగబట్టవద్దు.
3. మనసు అప్పు మీదికి పోతుంది. పోనివ్వండి. తిట్టుకోవద్దు. మళ్లీ ఊపిరి మీదికి తెచ్చుకోండి.
4. రోజూ అయిదు నిమిషాలు చాలు.

గాబరా పెరిగితే ఆపేయండి. కళ్లు తెరిచి, నేలకు ఆనిన పాదాల మీద ధ్యాస పెట్టండి.

తీరిక లేదా? పని చేస్తూనే చేయవచ్చు. బియ్యంలో రాళ్లు ఏరేటప్పుడు ధ్యాస ఎక్కడో ఉంటే ఏమవుతుంది? అన్నంలో రాయి పంటి కింద పడుతుంది. ఏరుతున్నంతసేపూ గింజనే చూడండి. వేళ్లకు తగిలే గింజను గమనించండి. అదీ ఈ సాధనే.

ఇది గుర్తుంచుకోండి

ఊపిరిని గమనిస్తే అప్పు తీరదు. తాగి కొట్టే మొగుడి చెయ్యి ఆగదు. మనసు కుదుటపడితే ఏం చేయాలో ఆలోచించే వీలు దొరుకుతుంది. అంతే. కష్టాన్ని నలుగురితో చెప్పుకోవాలి. ఇంట్లో కొడుతుంటే 181కి ఫోన్ చేయాలి.

ప్రతి నొప్పీ దిగులు వల్ల రాదు. ఆయాసం, నీరసం ఉంటే రక్తం తక్కువై ఉండవచ్చు. పరీక్ష చేయించుకోండి. గుండెలో నొప్పి వచ్చి చేతికి పాకినా, చెమటలు పట్టినా వెంటనే 108కి ఫోన్ చేయండి. బి.పి., షుగరు మాత్రలు మానవద్దు.

దిగులు రెండు వారాలు దాటినా తగ్గకపోతే డాక్టరుకు చెప్పండి. చచ్చిపోవాలనిపిస్తే ఆ క్షణమే ఎవరికైనా చెప్పండి. 14416కి ఫోన్ చేయండి. 2022లో మొదలైన ఈ టెలీ మానస్ సేవకు డబ్బు కట్టనక్కరలేదు. తెలుగులోనే మాట్లాడవచ్చు.

మనసుకు జబ్బు చేయడం సిగ్గుపడే సంగతి కాదు. జ్వరం వస్తే సిగ్గుపడతామా?

ఆలోచించండి – మాట్లాడుకోండి

1. దిగులుగా ఉన్నప్పుడు మీ ఒంట్లో ఎక్కడ నొప్పి వస్తుంది?
2. "నటిస్తోంది" అనే మాట విన్నారా? అలా అన్నవారికి ఇప్పుడు ఏమని చెబుతారు?
3. 181, 108, 14416 – ఈ అంకెలను గోడ మీద పెద్దగా రాసుకోండి.